ఐదొందల సంచులు

మా టీ కొట్టుకి ఎదురుగా మూడంతస్తుల ఆఫీసు ఉంది. అందులో మొదటి అంతస్తులో ఆ వారమంతా విచారణ జరిగింది. కొత్తగా తెరిచిన బట్టల షోరూము మెట్ల మీద తొక్కిసలాట జరిగి ఏడుగురు పోయిన సంగతి అప్పటికి ఊరంతా తెలిసిందే. సాక్షులు ఒక్కొక్కరే వచ్చేవాళ్ళు. పైనుంచి బంట్రోతు కేకేసేదాకా నా బెంచీల మీదే కూర్చునేవాళ్ళు. నేను ఎవర్నీ ఏమీ అడిగేవాణ్ణి కాదు. టీ ఇవ్వడం, ఖాళీ గ్లాసు తీసుకోవడం, అంతే.

ఆ రోజు పదిన్నరకి కోతల మాస్టారు వచ్చాడు. ఆయన సంచులు కుట్టే టైలరు. గుడ్డ కోస్తాడు కాబట్టి ఆ పేరు వచ్చిందని ఆయన అనుకుంటాడు. అసలు ఎందుకొచ్చిందో మిగతా వీధికంతా తెలుసు. ఆ పూట ఇస్త్రీ చొక్కా వేసుకుని, తల తడిపి దువ్వుకుని వచ్చాడు. బెంచీ మీద సరుకు వ్యాను డ్రైవరూ, పక్క జెరాక్సు షాపాయనా ఉన్నారు. చివర ఒకావిడ ప్లాస్టిక్ ఫైలు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ఆవిడ ఎవరో మాకు తెలీదు, ఎవరో సాక్షి అనుకున్నాం.

"ఏం మాస్టారూ, మీరు కూడా సాక్షేనా?" అన్నాడు డ్రైవరు.

ఆ ఒక్క మాట చాలింది.

"సాక్షి అంటే చూసినవాడు తమ్ముడూ. నేను చూసినవాణ్ణి కాదు, చేసినవాణ్ణి. ఆ సంచులు కుట్టిందెవరనుకున్నావ్? ఇవిగో, ఈ రెండు చేతులు. బాబాయ్, ఒక టీ, పంచదార కాస్త ఎక్కువ వెయ్యి, పైన ఎంతసేపు మాట్లాడాల్సొస్తుందో ఏమో. ఏమంటున్నాను? ఆ. నా గది మీరు చూశారుగా, మేడమెట్ల కింద, నిలబడితే నెత్తికి తగులుతుంది గానీ మిషను ముందు కూర్చుంటే హాయిగా ఉంటుంది. ఆ గుమ్మంలోంచి షోరూము మేనేజరు వంగి లోపలికొచ్చాడు. టై కట్టుకున్న మనిషి నా గదిలోకి వంగి రావడం ఏంటి! వచ్చి, కూర్చోడానికి చోటు లేక గుడ్డలకట్ట మీద కూర్చుని, 'పది రోజుల్లో ఐదొందల సంచులు కావాలి, నీవల్ల అవుతుందా, లేకపోతే ఫ్యాక్టరీకి ఇచ్చుకోనా?' అన్నాడు. నేను నోట్లో దారం తీసి పక్కన పెట్టి, 'ఐదొందలేనా?' అన్నాను."

"ఐదొందలేనా అన్నారా!" అన్నాడు జెరాక్సాయన.

"అనక? నీకు సంచి అంటే లోకువ, అందుకే నోరు తెరుస్తున్నావ్. చొక్కా బాగుంటే ఎవరు కుట్టారని అడుగుతారు. ప్యాంటు బాగుంటే అడుగుతారు. ముప్పై ఏళ్ళుగా సంచులు కుడుతున్నాను, ఈ సంచి ఎవరు కుట్టారు అని ఒక్కడంటే ఒక్కడు అడిగితే ఒట్టు. కానీ మీ ఇళ్ళకెళ్ళి తలుపు వెనక చూసుకోండి. మేకుంటుంది, మేక్కి సంచుంటుంది. ఇల్లు మారినా ముందు కొట్టుకునేది ఆ మేకే. పొద్దున్నే మనిషి సంచి చంకలో పెట్టుకుని బయల్దేరాడంటే ఇంట్లోవాళ్ళకి అదో ధైర్యం. సాయంత్రం ఉత్తచేతుల్తో వస్తున్నాడంటే గమనించండి, ఆ సంచిని నాలుగు మడతలు పెట్టి చొక్కా లోపల దోపుకుంటాడు, ఎదురింటివాళ్ళ కంటబడకుండా. ఆసుపత్రికి పరిగెత్తాలంటే ముందు సంచి ఏదర్రా అని కేక. మార్కుల కాగితాలు సంచిలో, ఎక్స్‌రేలు సంచిలో, పోయినాయన కళ్ళజోడు సంచిలో. మనిషి మర్యాదంతా ఆ మేకుకే వేలాడుతుందయ్యా."

జెరాక్సాయన తల ఊపాడు. "అది మాత్రం నిజం. మా ఆవిడ ఎప్పుడో ఎవరో ఇచ్చిన ఏదో షోరూము సంచిలోనే ఇప్పటికీ కూరగాయలు తెస్తుంది. పేరున్న వైపు బయటికి తిప్పి పట్టుకుంటుంది."

"చూశావా! లోపలికెళ్ళి జేబురుమాలు కూడా కొనలేనివాళ్ళకి ఆ సంచి ఒక్కటి చేతికి తగిలించు, రోడ్డు మీద వాళ్ళ నడకే మారిపోతుంది. ఆ గుట్టు తెలిసే షోరూమువాళ్ళు పేపర్లో వేయించారు. మొదట వచ్చిన ఐదొందల మందికి సంచి ఉచితం, ఏమీ కొనక్కర్లేదు, వస్తే చాలు అని. నేను మేనేజరుతో ఏమన్నానో తెలుసా? 'సార్, ఎడమచేత్తో కుట్టేస్తా, కుడిచేత్తో టీ తాగుతా' అన్నాను. ఆయన నా భుజం తట్టాడు. ఇదిగో, ఈ భుజమే.

"మొదటి రోజు నెమ్మదిగానే మొదలెట్టాను. ముప్పై అయ్యాయి. రెండో రోజు డెబ్బై. మూడో రోజుకి కాలు అలవాటు పడింది, నూట పది. ఆ తర్వాత ఏమైందో తెలుసా? మిషను వేడెక్కింది. వేడెక్కడమంటే మామూలు వేడి కాదు బాబాయ్, నీ పొయ్యి దాని ముందు ఎందుకూ పనికిరాదు. మా అక్క దాని మీద పాలగిన్నె పెట్టింది, నేను ఒక పట్టీ వేసేలోపు పాలు పొంగాయి. సూది ఎర్రగా కాలిపోయింది. మెట్ల కింద గది కదా, పట్టపగలు కూడా చీకటే, బల్బు ఆర్పేసి ఆ సూది వెలుతుర్లోనే కుట్టుకున్నాను."

"సూది కాలితే దారం కాలదూ?" అన్నాడు డ్రైవరు.

"కాలేలోపు కుట్టు దాటిపోతోంది కదా! అదీ వేగమంటే. ఇంతకీ దారమన్నావు కాబట్టి చెప్తున్నా, ఊళ్ళో దారం ఖాళీ అయిపోయింది. ఏ కొట్టుకెళ్ళినా లేదు. పక్క ఊరి నుంచి తెప్పించారు, అదీ అయిపోయింది. గుండీ ఊడినవాళ్ళంతా పిన్నీసులు పెట్టుకుని తిరగలేదూ, మొన్న మొన్నటిదాకా?"

"నేనేం చూళ్ళేదే."

"నీ చొక్కాకి గుండీలెక్కడున్నాయి, నువ్వు చూడ్డానికి."

అందరూ నవ్వారు. డ్రైవరు కూడా చొక్కా చూసుకుని నవ్వాడు. చివర కూర్చున్నావిడ మాత్రం ఫైలు వంకే చూస్తోంది. నిజం చెప్పొద్దూ, ఆ వారంలో నా కొట్టు దగ్గర ఎవరైనా నవ్వడం అదే మొదటిసారి. అందుకే నేనూ ఆయన్ని ఆపలేదు.

"ఇంక సంచి గట్టిదనం సంగతి. మేనేజరు మధ్యలో ఒకసారి చూడ్డానికొచ్చాడు. పట్టీలు లాగి చూస్తున్నాడు, లాగి చూడ్డమేంటి సార్ అని ఆయన్నే ఎత్తి సంచిలో కూర్చోబెట్టి ఫ్యాను కొక్కేనికి తగిలించాను. అక్కణ్ణుంచే ఫోన్లు మాట్లాడుకున్నాడు. తర్వాత సేల్స్‌మెన్ ఆరుగురూ ఎక్కారు. కొక్కెం వంగింది, శ్లాబు పెచ్చు రాలింది, సంచి కుట్టు మాత్రం ఒక్క పోగు కదల్లేదు. ఆ మర్నాడు వాళ్ళ సరుకు లారీ బురదలో దిగబడితే రెండు సంచుల పట్టీలు ముడేసి లాగాం. లారీ బంపరు ఊడొచ్చింది. పట్టీ ఊడలేదు."

"బంపరు ఊడితే లారీ బయటికెలా వచ్చింది?"

"బంపరు చూసి సిగ్గుపడి అదే వచ్చింది. మధ్యలో అడ్డు తగలకు తమ్ముడూ, అసలు సంగతి ఇప్పుడొస్తోంది. షోరూము ప్రారంభం రోజు తెల్లారింది. ఐదొందలూ లెక్కపెట్టి, మడతపెట్టి, కట్టలు కట్టి షోరూము వాచ్‌మన్ చేతికి అప్పగించాను. ఐదొందలూ! ఒక్కటి తక్కువ లేదు."

చివర కూర్చున్నావిడ తలెత్తి చూసింది. మాస్టారు గమనించలేదు.

"అప్పగించి, మొహం కడుక్కుని నేను కూడా వెళ్ళాను. ఏం జనమయ్యా అది! మొదట చూసినప్పుడు ఓ రెండు వేలమంది ఉంటారనుకున్నాను. దగ్గరికెళ్తే ఐదు వేలు. మెట్లెక్కి వెనక్కి చూస్తే క్యూ మార్కెట్టు దాటి, వంతెన దాటి, రైల్వే స్టేషన్లోకి వెళ్ళిపోయింది. రైలు దిగినవాళ్ళు ఎందుకో ఏమిటో తెలీకుండానే వచ్చి చివర నిలబడుతున్నారు. ముసలివాళ్ళు, చంటిపిల్లల తల్లులు, ఆఫీసుకి సెలవు పెట్టుకొచ్చినవాళ్ళు. అందరి కళ్ళూ సంచి మీదే. నా సంచి మీద! జీవితంలో మొదటిసారి, బాబాయ్, నేను కుట్టిన సంచి కోసం మనుషులు నిలబడ్డారు."

ఈ మాట అనేటప్పుడు ఆయన గొంతు మారింది. అది కోత కాదని నాకు తెలుసు.

జెరాక్సాయన గ్లాసు కింద పెట్టాడు. "మరి ఐదొందలూ ఇస్తే, నూట డెబ్బై చిల్లర దగ్గరే సంచులు ఎలా అయిపోయాయి మాస్టారూ? సంచులు లేవని షట్టరు దించబట్టే కదా, వెనకవాళ్ళు తోసి ముందువాళ్ళు నలిగిపోయింది?"

"అదా? అది వాచ్‌మన్ పని. మిగతావి ఎక్కడో దాచేశాడు, తర్వాత అమ్ముకుందామని. షట్టరు దించింది కూడా వాడే. మేనేజరు అదే చెప్పాడు, పోలీసులకి నేనూ అదే చెప్పాను. ఎన్ని ఇచ్చావయ్యా అన్నారు, ఐదొందలన్నాను, సంతకం పెట్టమన్నారు, పెట్టాను. ఇప్పుడు పైన కూడా అదే చెప్తాను. ఇంత పని కోసం పది రోజులు మిషను తొక్కినవాడి మాట నమ్మరా, గేటు దగ్గర కూర్చునేవాడి మాట నమ్ముతారా?"

"దించమని మేనేజరు చెప్తేనే దించానని వాచ్‌మన్ అంటున్నాట్ట," అన్నాడు జెరాక్సాయన.

"అంటాడు. జైల్లో ఉన్నవాడు ఏదైనా అంటాడు. అది వదిలెయ్, తర్వాత సంగతి విను. షట్టరు దిగింది. వెనకవాళ్ళకి దిగినట్టు తెలీదు, తోస్తున్నారు. ముందువాళ్ళకి వెళ్ళే దారి లేదు. నేను మెట్ల మీదున్నాను. ఒక ముసలావిడ ఒరిగిపోతోంది. నా చేతిలో ఒక సంచి ఉంది, పట్టీ ఆవిడ చేతికందించి, 'గట్టిగా పట్టుకో పెద్దమ్మా' అని ఒక్క లాగు లాగాను. పైకొచ్చేసింది. అంతే, ఆ తర్వాత చూస్తే ఇంకో ఇద్దరు ఆవిడ కాళ్ళు పట్టుకునొచ్చారు. మళ్ళీ వేశాను. ఈసారి పదహారు మంది. చేద వేసి నీళ్ళు తోడినట్టు తోడాను తమ్ముడూ! ఇంకోసారి వేస్తే నలభై మంది. పట్టీ తెగిందా? ఊహూఁ."

ఎవరూ నవ్వలేదు. డ్రైవరు రోడ్డు వైపు చూస్తున్నాడు.

"నలభై మందిని లాగినా వెనక ఇంకా జనం. ఇలా లాభం లేదని షట్టరు కింద వీపు పెట్టాను. ఇనప షట్టరు, లోపల తాళం. ఒక్క ఊపు ఊపితే తాళం తెగి, షట్టరు చాపలా చుట్టుకుపోయి పైకెళ్ళి, పైకప్పు పగలగొట్టుకుని వెళ్ళిపోయింది. ఎక్కడ పడిందో ఇప్పటిదాకా దొరకలేదు. లోపలి దారి తెరుచుకుంది, వేలమంది బతికి బయటపడ్డారు. పేపర్లో నా పేరు వెయ్యలేదు, సరే, నేను పేరు కోసం చెయ్యలేదు. డాక్టరు వచ్చి ఒకమ్మాయి చెయ్యి పట్టుకుని లాభం లేదన్నాడు. నేను సంచి మడతపెట్టి ఆ పిల్ల తలకింద పెట్టాను. కళ్ళు తెరిచింది! తెరిచి, 'ఈ సంచి నాకేనా?' అంది. ఏడుగురు పోయారు అంటున్నారే, నేను లేకపోతే ఏడు వేలు పోయేవాళ్ళు."

"మా వీధిలో పాలు పోసే ఆవిడ ఆ ఏడుగురిలో ఉంది మాస్టారూ," అన్నాడు జెరాక్సాయన. మెల్లిగానే అన్నాడు. "పదకొండేళ్ళు పోసింది మా ఇంటికి. ఆవిడ చెప్పులూ, తాళంచెవీ ఆ షోరూము సంచిలోనే పెట్టి ఇచ్చారు కొడుక్కి. మెట్ల మీద పడి ఉన్న సంచుల్లో ఒకటి తీసుకుని అందులో వేసి ఇచ్చారట."

అక్కడైనా ఆగాలి ఎవరైనా. కానీ మాట మాస్టార్ని లాక్కుపోతోంది.

"పాలావిడా? ఆవిణ్ణి కూడా నేనే తీశాను."

"తీస్తే పోయిందేం?"

"తీశాకే పోయింది. నా చేతుల్లో. పోయేముందు నా చేతిలో సంచి తడిమి చూసింది. చూసి, 'బాబూ, కుట్టు బాగా వేశావు' అంది. ఇవే ఆఖరి మాటలు. ఒట్టు."

జెరాక్సాయన లేచి నిలబడ్డాడు. ఏమైనా అంటాడేమో అనుకున్నాను. ఆయన అనేలోపు బెంచీ చివర్నుంచి ఆవిడ మాట వినిపించింది. కోపంగా కూడా లేదు, ఏదో వివరం కనుక్కుంటున్నట్టుంది.

"అన్నయ్యా, అడుగు గుడ్డ విడిగా వేశారా, మడతేనా?"

మాస్టారు ఆవిడ వైపు తిరిగాడు. పని గురించి ఎవరో అడిగారని ఆయన మొహం వెలిగింది. "విడిగానే చెల్లెమ్మా. రెండు పొరలు."

"లోపల జేబుందా?"

"ఉంది. చిన్నది."

"పట్టీలు అంటించిన చోట?"

"చతురస్రంగా కుట్టి, మధ్యలో ఇంటూ కుట్టు. నాలుగు చోట్లా అంతే. అలా కుట్టేవాడు ఈ చుట్టుపక్కల లేడు."

"కాలిమిషనా, మోటారా?"

"కాలిదే. మోటారు చేతికి లొంగదు."

"సాయం ఎవరైనా ఉన్నారా?"

"నాకు సాయమా! మా అక్క దారాలు కత్తిరించేది, అంతే."

ఆవిడ ఫైలు పక్కన పెట్టింది. "నేను సంచుల ఫ్యాక్టరీలో పద్నాలుగేళ్ళు పట్టీల దగ్గర పనిచేశాను అన్నయ్యా. మీరు చెప్పిన సంచి ఒక మనిషి కాలిమిషను మీద మొదట్నించి చివరిదాకా కుట్టాలంటే అరగంట. చెయ్యి తిరిగినవాడికి. రోజుకి పదిగంటలు నడుం ఎత్తకుండా కూర్చుంటే ఇరవై. పది రోజులకి రెండొందలు. అదీ సూది విరక్కపోతే, జ్వరం రాకపోతే, గుడ్డ మీరు కొయ్యకుండా ఎవరో కోసిపెడితే. మీరు కుట్టినవి నూట డెబ్బై మూడు. అది తక్కువ పనేం కాదు. చాలా కష్టపడ్డారు."

"నీకెవరు చెప్పారమ్మా నూట డెబ్బై మూడని?" అన్నాడు మాస్టారు.

"ఆ రోజు పొద్దున్న మీ గదికొచ్చి సంచులు మోసుకెళ్ళింది మా ఆయన. వాచ్‌మన్. మీరు మిషను మీదనుంచి లేవలేదు. ఆయనే లెక్కపెట్టుకుని, మిగతావేవి మాస్టారూ అని అడిగితే, వెనకాల వ్యాన్లో వస్తున్నాయి, నువ్వు పద అన్నారు. ఆ మాట నమ్మి ఆయన క్యూ పొడుగునా తిరిగి చెప్పాడు, కంగారు పడకండి, అందరికీ ఉన్నాయి, వ్యాను వస్తోంది అని. ఇంటికి పోదామనుకున్నవాళ్ళు కూడా ఆ మాట మీదే నిలబడిపోయారు. పాలావిడ ఎన్నో దానిగా నిలబడిందో నాకు తెలీదు. ఆవిడతో కూడా చెప్పే ఉంటాడు."

డ్రైవరు అందుకున్నాడు. "ఊళ్ళో సరుకు వ్యాన్లు రెండే మాస్టారూ. ఒకటి నాది, రెండోది మా బావమరిదిది. ఆ రోజు మాకెవరూ చెప్పలేదు."

"మీరు అక్కడికి రాలేదు," అందావిడ. "ఎవర్నీ తియ్యలేదు. పోయినవాళ్ళ నోట్లో మాటలు పెట్టకండి అన్నయ్యా. వాళ్ళ పిల్లలు ఈ ఊళ్ళోనే ఉన్నారు, వింటారు. మా ఆయన పద్దెనిమిది రోజులుగా లోపలున్నాడు, దొంగ అనిపించుకుని. మీరు పెట్టిన సంతకం మీద."

మాస్టారు చేతులు రెండూ మోకాళ్ళ మీద పెట్టుకుని కూర్చున్నాడు. ఆ చేతులు అంత చిన్నవని నేనెప్పుడూ గమనించలేదు. వాటినే చూస్తూ మాట్లాడాడు. మాతో అన్నాడో తనలో తను అనుకున్నాడో తెలీదు.

"నూట డెబ్బై నాలుగోది మిషను మీద ఉంది. ఒక్క పట్టీ వెయ్యాలి. అదొక్కటి పూర్తి చేసుకుని వెళ్ళి, సార్, కుదర్లేదు, క్షమించండి అని చెప్దామనుకున్నాను. నిజంగానే అనుకున్నాను. ఇంతలో మా అక్క పరిగెత్తుకుంటూ వచ్చి చెప్పింది... పోలీసులు వచ్చినప్పుడు అడిగిన మాట ఒకటే, ఎన్ని ఇచ్చావు అని. పక్కన మేనేజరున్నాడు. వీధంతా గుమ్మం ముందుంది. ఐదొందలన్నాను. తక్కువ చెప్పడానికి నోరు రాలేదు."

పైనుంచి బంట్రోతు కేకేశాడు. "సంచుల టైలరెవరూ? రావాలి!"

ఆయన లేచాడు. ఆవిడ వైపు చూడలేదు. రోడ్డు దాటి, మెట్లెక్కి వెళ్ళిపోయాడు. పావుగంటకి పైనుంచి టీలు చెప్పారు, నేను పట్టుకెళ్ళాను. గదిలో విచారణ అధికారి, రాసుకునే గుమాస్తా, షోరూము తరఫు వకీలు ఉన్నారు. ఆవిడ గుమ్మం బయట నిలబడి ఉంది. మాస్టారు అప్పటికే నూట డెబ్బై మూడని చెప్పేశాడు. వకీలు ఆ మాట పట్టుకుని లాగుతున్నాడు. "అయ్యా, పోలీసుల ముందు ఐదొందలని సంతకం పెట్టాడు. ఇవాళ నూట డెబ్బై మూడంటున్నాడు. ఈయన్ని ఊళ్ళో ఏమని పిలుస్తారో కింద టీ కొట్టు దగ్గర అడగండి. ఇలాంటి మనిషి మాట ఏది నిజం, ఏది అబద్ధం?"

అధికారి నా వైపు చూశాడు. నేను కప్పులు సర్దుకుంటూ నిలబడ్డాను. అడిగితే చెప్పాల్సిందే. ఆయన అడగలేదు. మాస్టారినే అడిగాడు, "కుట్టి చూపిస్తావా?" అని.

మధ్యాహ్నానికి మిషను తెప్పించి ఆ గదిలోనే కిటికీ పక్కన పెట్టించారు. షోరూమువాళ్ళ దగ్గర మిగిలిన అదే గుడ్డ తెచ్చారు. గోడగడియారం ఎదురుగా ఉంది. నేను రెండోసారి టీలు తీసుకెళ్ళి, బయటికి రావాలనిపించక తలుపు దగ్గరే ఉండిపోయాను. మాస్టారు అడుగు గుడ్డ వేశాడు, పక్కలు కలిపాడు, జేబు పెట్టాడు. నెమ్మదిగా కుట్టినా ఆ గదిలో ఉన్నవాళ్ళకి తెలిసేది కాదు. తెలిసే మనిషి ఒక్కతే గుమ్మం దగ్గరుంది. ఆవిడ ఆయన కాలి వంకే చూస్తోంది. కాలు ఆగలేదు. మెడ మీద చెమట కారుతోంది, కళ్ళు తుడుచుకోడానికి కూడా చెయ్యి తియ్యలేదు. జీవితంలో ఎన్నడూ అంత వేగంగా కుట్టి ఉండడు. నాలుగో మూల ఇంటూ కుట్టు వేసి, దారం కొరికి, సంచి బల్ల మీద పెట్టాడు.

గుమాస్తా గడియారం చూసి చెప్పాడు. ముప్పై నాలుగు నిమిషాలు.

"కావాలని సాగదీశాడండీ," అన్నాడు వకీలు. "పది రోజుల్లో ఐదొందలు కుడతానని మేనేజరుకి మాటిచ్చినవాడు ఒక సంచికి ముప్పై నాలుగు నిమిషాలా?"

అధికారి మాస్టారి వైపు తిరిగాడు. "ఏమయ్యా, ఇంతకంటే తొందరగా కుట్టలేవా?"

మాస్టారు లేచి నిలబడ్డాడు. రొప్పుతున్నాడు. ముందు ఆ సంచి వంక చూసి, తర్వాత మా అందరి వంకా చూశాడు.

"లేదండీ. నేను ఇంతేనండి," అన్నాడు.

అది రాసుకోమన్నాడు అధికారి. గుమాస్తా కలం ఎత్తి, "ముప్పై నాలుగు నిమిషాలని రాయమంటారా, ఆయన అన్న మాట రాయమంటారా?" అని అడిగాడు.

"రెండూ రాయి," అన్నాడు అధికారి.

ఆ తర్వాత తొమ్మిదో రోజున వాచ్‌మన్‌ని వదిలారు.